పదహారు పీలికలు

ముందుగా ఒక మాట. నాకు ఒత్తులు సరిగ్గా పడవు. 'ణ' ఎక్కడ వస్తుందో, 'న' ఎక్కడ వస్తుందో ఇప్పటికీ రాసి చూసుకుంటే గానీ తెలియదు. అరవై దాటాక అక్షరాలు దిద్దిన చెయ్యి ఇది. ఈ కాస్త రాయడానికి నలభై రోజులు పట్టింది. తప్పులుంటే మన్నించండి. దిద్దే మనిషి ఇప్పుడు లేడు. రాయబోయేది ఆయన గురించే.

మేముండే భవనానికి నాలుగు అంతస్తులు, అంతస్తుకి నాలుగు తలుపులు. మెట్ల మధ్య ఖాళీ బావిలా ఉండేది. కింద నిలబడి తలెత్తితే పదహారు తలుపుల పిడులూ కనిపించేవి. మాది నాలుగో అంతస్తు. మా ఆయన వెల్డింగు పని చేసేవాడు. నేను చొక్కాలు కుట్టే కార్ఖానాలో దారాలు కత్తిరించేదాన్ని. కుట్టు పూర్తయ్యాక చొక్కా నిండా తోకలు వేలాడుతుంటాయి. చిన్న కత్తెరతో వాటిని గుడ్డకి తగలకుండా కత్తిరించాలి. అందుకే భవనంలో అందరికీ నేను దారాల అత్తనే.

మా ఆయన స్నానాల గదిలో పడిపోయిన రోజు నేను పనిలో ఉన్నాను. పొద్దున ఎనిమిదికి పడ్డాడు. నేను సాయంత్రం ఆరింటికి వచ్చేసరికి పోయి ఉన్నాడు. అంతసేపూ కుళాయి పారుతూనే ఉంది. నీళ్ళు గుమ్మం దాటి మెట్ల మీదకి కూడా వచ్చాయి. పక్కింటావిడ తరవాత చెప్పింది, "నీళ్ళ చప్పుడు విన్నానండీ. ఏవో దుప్పట్లు ఉతుక్కుంటున్నారు కాబోలు అనుకున్నా" అని. కిందింటివాళ్ళు కూడా విన్నారు. నీళ్ళు పారబోస్తున్నామని తిట్టుకున్నారట. తలుపు మాత్రం ఎవరూ కొట్టలేదు. నాకు కోపం రాలేదు. వాళ్ళ స్థానంలో నేనున్నా అలాగే అనుకునేదాన్ని. తొమ్మిదేళ్ళు పక్కపక్కన ఉండి, ఆవిడ పేరు నేను అడగలేదు, నా పేరు ఆవిడ అడగలేదు.

నెల తరవాత కార్ఖానాలో చొక్కాలకి తెచ్చిన ఎర్ర గుడ్డ ముక్కలు మిగిలాయి. అడిగి తెచ్చుకున్నాను. మూరెడేసి పీలికలు కోసి, అంచులు మడిచి, పదహారు కుట్టాను. ఒక్కో తలుపూ కొట్టి ఇచ్చాను.

"పొద్దున లేవగానే ఇది పిడికి కట్టండి. సాయంత్రం విప్పేసుకోండి. తొమ్మిదింటికి కట్టి లేకపోతే ఎవరో ఒకరం వచ్చి తలుపు కొడతాం. అంతే."

కొందరు నవ్వారు. ఒకాయన "మా ఇంటికేమైనా దిష్టా?" అన్నాడు. రెండో అంతస్తు కండక్టరు మాత్రం పీలికని రెండు చేతులతో పట్టుకుని చూసి, "అక్కా, నా డ్యూటీ పదింటికి. తొమ్మిదింటికి నేను తిరుగుతాను" అన్నాడు.

అలా మొదలైంది. మొదట్లో కట్టేవాళ్ళు ఆరుగురు. ఆ ఏడు చలికాలంలో మొదటి అంతస్తు ట్యూషన్ టీచరమ్మ పీలిక కట్టలేదు. కండక్టరు కొట్టాడు, పలకలేదు, భుజంతో గడియ విరగ్గొట్టాడు. ఒంట్లో చక్కెర పడిపోయి మంచం పక్కన నేల మీద ఉంది ఆవిడ. ఆసుపత్రి నుంచి నాలుగో రోజు నడుచుకుంటూ వచ్చింది. ఆ వారంలో ఒక్కటి తప్ప అన్ని పిడులకీ పీలికలు వచ్చేశాయి.

ఆ తరవాత మూడేళ్ళు ఎలా గడిచాయో ఇప్పుడు తలుచుకుంటే ఎవరో చెప్పిన సంగతిలా ఉంటుంది. మెట్ల మీద లైటు పోతే సాయంత్రానికి కొత్తది వెలిగేది. విరిగిన మెట్టుకి ఎవరో సిమెంటు పూశారు. కింద మెట్ల దగ్గర నాలుగు పాత కుర్చీలు చేరాయి. ఎదురుపడితే "పీలిక కట్టావా?" అనేవాళ్ళం. అదే మా పలకరింపు. ఎవరికి మోకాళ్ళ నొప్పో, ఎవరి కూతురు అలిగి వచ్చిందో, ఎవరి కుక్కర్ రబ్బరు పోయిందో అందరికీ తెలిసేది. చాడీలు కూడా బాగానే నడిచేవి. చాడీ చెప్పుకోవాలన్నా మనుషులు ఒకరికొకరు తెలియాలి కదా.

మూడో అంతస్తులో ఒంటరిగా ఉండే పెద్దాయన ఒకడుండేవాడు. పత్రికాఫీసులో నలభై ఏళ్ళు ప్రూఫులు దిద్దాడు. నేను బాబాయిగారూ అనేదాన్ని. అరవై దాటిన నన్ను ఆయన అమ్మాయ్ అనేవాడు. పీలికల గురించి ఒక కాగితం రాసి కింద గోడకి అంటించాలని, రాసిపెట్టమని ఆయన దగ్గరికి వెళ్ళాను.

"నువ్వే రాయి" అన్నాడు.

"నాకు రాదు బాబాయిగారూ."

"ఇన్నేళ్ళూ ఏం చేశావ్?"

"దారాలు కత్తిరించాను."

"మరింకేం? అక్షరాలకీ తోకలే. ఎక్కడ ఉంచాలో, ఎక్కడ కత్తిరించాలో తెలిస్తే చాలు. బుధవారం మీకు సెలవు కదా, నాలుగింటికి రా. పలక కొనకు, పిల్లలు నవ్వుతారు. నోటు పుస్తకం తెచ్చుకో."

అలా ప్రతి బుధవారం నాలుగింటికి. ఆయన వంటింటి బల్ల మీద ఒక వైపు నా పుస్తకం, ఇంకో వైపు ఆయన మందుల డబ్బా. ఎర్ర సిరా కలంతో దిద్దేవాడు. తప్పు రాస్తే తిట్టేవాడు కాదు, ఎంతో బాధపడేవాడు. అది తిట్టడం కన్నా కష్టంగా ఉండేది. ఏడాదికి నేను ఆ కాగితం రాశాను. "పొద్దున తొమ్మిదిలోగా ఎవరి పీలిక వాళ్ళే కట్టుకోవాలి." నా జీవితంలో పదిమంది చదివేలా రాసిన మొదటి వాక్యం అదే. గోడకి అంటించిన రోజు కిందకీ పైకీ మూడుసార్లు తిరిగాను, చదువుకోవడానికి.

చిక్కల్లా బాబాయిగారితోనే వచ్చింది. నలభై ఏళ్ళు నైట్ డ్యూటీ చేసిన మనిషి, పది దాటితే గానీ లేవడు. పీలిక కట్టేవాడు కాదు. కండక్టరు తొమ్మిదింటికి వెళ్ళి తలుపు బాదేవాడు.

"బాబాయిగారూ! దిగిపోయారా, ఉన్నారా?"

లోపల్నుంచి, "నా స్టేజీ ఇంకా రాలేదు, ఫో!"

మొదట్లో ఇది అందరికీ సరదాగా ఉండేది. టీచరమ్మ కింద నుంచి నవ్వేది. ఒక ఏడాది గడిచాక సరదా పోయింది. ఒకరోజు బాబాయిగారు తలుపు తీసి గట్టిగానే అన్నాడు.

"పొద్దున్నే తలుపు కొట్టి చచ్చావా అని అడిగేవాణ్ణి నిన్నొక్కణ్ణే చూశానయ్యా. నేను బతికున్నానని రోజూ నీకు అర్జీ పెట్టుకోవాలా? నేను పోతే చిన్న వార్తే. లోపలి పేజీలో ఏ మూలనో వేసుకోండి. నా నిద్ర మాత్రం పాడుచెయ్యకండి."

కండక్టరు మొహం మాడిపోయింది. ఆ సాయంత్రం కుర్చీల దగ్గర నాతో అన్నాడు, "అక్కా, ఇక నా వల్ల కాదు. బస్సులో రోజంతా తిట్లు తింటాను. ఇంటి దగ్గర కూడా తినాలా? ఆ పైన ఫోను షాపు మొగుడూ పెళ్ళాలు కొత్తగా వచ్చారు, వాళ్ళూ కట్టరు. ఆయనకి లేని రూలు మాకెందుకంటున్నారు. ఆ ఒక్క పిడీ సరిగ్గా ఉంటే తిరుగుతాను. లేకపోతే రేపట్నుంచి మానేస్తాను."

ఆయన మానేస్తే అంతా మానేస్తారని నాకు తెలుసు. తొమ్మిదింటికి తిరిగే మనిషి లేకపోతే పీలికలకి అర్థం లేదు. మళ్ళీ కుళాయిలు పారతాయి, మళ్ళీ ఎవరూ తలుపు కొట్టరు. నా భయమంతా అదే.

మర్నాడు బాబాయిగారి దగ్గరికి వెళ్ళి ఆయన పీలిక అడిగాను. "నేను ఆరింటికి మీ తలుపు ముందు నుంచే పనికి వెళ్తాను. నేనే కట్టేస్తాను. సాయంత్రం వచ్చేటప్పుడు నేనే విప్పేస్తాను."

"అంటే నేను బతికున్నట్టు నువ్వు సంతకం పెడతావన్నమాట."

"మీ దగ్గు విన్నాకే కడతాను."

ఆయన నవ్వాడు. "ఈ దగ్గుకి ఇన్నాళ్ళకి ఒక ఉద్యోగం దొరికింది" అని పీలిక ఇచ్చాడు.

ఆయన మంచం తలుపు పక్క గోడకే ఉండేది. తెల్లవారే వేళకి నిద్రలోనే దగ్గు తెరలు తెరలుగా వచ్చేది. మొదటి నెలలు తలుపుకి చెవి ఆనించి నిలబడేదాన్ని. ఒక్కోసారి వెంటనే వినిపించేది. ఒక్కోసారి పది నిమిషాలు పట్టేది. పని దగ్గర ఆలస్యమైతే సూపర్‌వైజరు మాట అనేవాడు. ఒకరోజు ముందు కట్టేసి నిలబడ్డాను, దగ్గు తరవాత వచ్చింది. ఇంకొకరోజు కట్టేసి దిగుతుంటే నాలుగో మెట్టు మీద వినిపించింది. ఆ తరవాత దిగుతూనే వినొచ్చులే అనుకున్నాను. ఎప్పుడు వినడం మానేశానో నాకే తెలియదు. రాసేటప్పుడు అబద్ధం రాయకూడదని ఆయనే చెప్పాడు కాబట్టి రాస్తున్నాను. నేను వినడం మానేశాను.

కండక్టరు మళ్ళీ తిరగడం మొదలుపెట్టాడు. ఫోను షాపు వాళ్ళ పిడికి కూడా పీలిక వచ్చింది. కింద నిలబడి తలెత్తితే పదహారు ఎర్రటి చుక్కలు. చూసినప్పుడల్లా కడుపు నిండేది నాకు.

రెండేళ్ళ క్రితం, వానలు వెలిసిన నెలలో, ఒక ఆదివారం. మా కార్ఖానాకి సెలవు బుధవారమే, ఆదివారం పని ఉంటుంది. ఆరింటికి కట్టాను, సాయంత్రం విప్పాను. సోమవారం కట్టాను, విప్పాను. మంగళవారం కట్టాను, విప్పాను. బుధవారం సెలవు, అయినా అలవాటు కొద్దీ పాలకి దిగుతూ కట్టాను.

ఆ బుధవారం నాలుగింటికి నోటు పుస్తకం తీసుకుని వెళ్ళాను. ఆ వారం మొదటిసారి ఎవరూ చెప్పకుండా ఒక పేజీ నిండా సొంతంగా రాశాను. మా ఆయన గురించి, ఆ కుళాయి గురించి. ఎక్కడెక్కడ ఎర్ర సిరా పడుతుందోనని మెట్లు దిగుతున్నంతసేపూ బెంగ. తలుపు కొట్టాను. మళ్ళీ కొట్టాను. నేను పొద్దున కట్టిన పీలిక నా మోచేతికి తగులుతోంది.

అప్పుడు ముక్కుకి తగిలింది వాసన.

ఆ రోజు డ్యూటీ లేక కండక్టరు ఇంట్లోనే ఉన్నాడు. వచ్చి గడియ విరగ్గొట్టాడు. అప్పట్లో టీచరమ్మ ఇంటి గడియ విరిగింది కూడా ఆ భుజానికే. బాబాయిగారు వంటింట్లో, బల్లకీ గోడకీ మధ్య నేల మీద ఉన్నాడు. తుంటి విరిగిందట. చేతిలో స్టీలు గరిటె ఉంది. పక్కనే గోడ వెంట కిందింటికి వెళ్ళే నీళ్ళ పైపు. పైపు మీద రంగు రూపాయి బిళ్ళంత మేర లేచిపోయి ఉంది.

డాక్టరు చూసి, ఆదివారం పొద్దున పడి ఉంటాడన్నాడు. పోయింది మాత్రం సోమవారం సాయంత్రమో, ఆ తరవాతో అన్నాడు.

మెట్ల మీద కూర్చుని కండక్టరు భార్య గుండెలు బాదుకుంది. వాళ్ళ ఇల్లు సరిగ్గా ఆయన ఇంటి కిందే.

"నేను విన్నాను వదినా. సోమవారం పొద్దున, పైపు మీద టక్ టక్ మని. ఆగి ఆగి వచ్చేది. పైకెక్కి వచ్చాను కూడా. పీలిక కట్టి ఉంది. కట్టుకున్నారు కదా, లేచి ఏదో రిపేరు చేసుకుంటున్నారులే అనుకున్నా. తలుపు కొడితే మళ్ళీ తిడతారని దిగిపోయా. గుమ్మం దాకా వచ్చాను వదినా. గుమ్మం దాకా."

ఆమె భుజం మీద చెయ్యి వేశాను. ఆ పీలిక నేను కట్టిందే అని చెప్పాలి. నాలుగు రోజులు చెప్పలేదు. ఆ నాలుగు రోజులూ ఆమె అన్నం ముట్టలేదని కండక్టరు చెబుతుంటే, నేను తల ఊపుతూ విన్నాను.

ఆదివారం సాయంత్రం అందరూ కింద కుర్చీల దగ్గర చేరారు. ఇక ఆగలేక లేచి నిలబడ్డాను. "రెండేళ్ళుగా ఆయన పీలిక కడుతున్నది నేను. దగ్గు విన్నాక కడతానని మాట ఇచ్చాను. వినకుండా కట్టాను. ఆయన నేల మీద పడి ఉంటే పొద్దునా సాయంత్రం ఆ పిడి పట్టుకున్నాను."

తిడతారనుకున్నాను. కొడతారని కూడా అనుకున్నాను. టీచరమ్మ కుర్చీలో ముందుకి జరిగింది.

"ఫోను షాపు వాళ్ళది నేనే కడుతున్నాను. వాళ్ళు లేటుగా లేస్తారు. గొడవెందుకని."

ఫోను షాపాయన తల వంచుకున్నాడు. "పక్కింటి ముసలాళ్ళది మేము కడుతున్నామండీ. వాళ్ళకి వంగడం కష్టమని. రాత్రి పడుకోబోయే ముందే కట్టేస్తాం."

కండక్టరు భార్య నేల చూపులు చూస్తూ, "మా ఎదురింటిది నేనే. ఆవిడ ఊళ్ళో లేనప్పుడు కూడా కట్టేదాన్ని. ఈయన లెక్క తప్పితే విసుక్కుంటాడని."

ఒకరి తరవాత ఒకరు. చివరికి కండక్టరు అన్నాడు, "పైకెక్కడం మానేసి ఏడాది దాటిందక్కా. మోకాళ్ళు. ఇక్కడ నిలబడి కింద నుంచే లెక్కపెట్టేవాణ్ణి. పదహారు ఉంటే డ్యూటీకి పోయేవాణ్ణి."

లెక్క వేస్తే పదహారులో సొంత చేత్తో కట్టుకుంటున్నవి అయిదు. మిగతావన్నీ ఒకరి కోసం ఒకరు కట్టినవే. చెడ్డతనంతో ఒక్కటి కూడా కాదు. గొడవలు వద్దని, పెద్దవాళ్ళకి శ్రమ వద్దని, అందరం కలిసి ఉన్నట్టు కనిపించాలని. నేను మొదలుపెట్టినది పోకూడదని. ఎవరో చిన్నగా నవ్వారు కూడా. "అయితే ఎవరి తప్పూ కాదులెండి" అన్నారు. అందరి మొహాలూ తేలికపడ్డాయి. గోడ మీద నేను రాసిన కాగితం అక్కడే ఉంది. ఎవరి పీలిక వాళ్ళే. నా దస్తూరి. దాని కిందే కుర్చీలు వేసుకుని కూర్చున్నాం.

ఫోను షాపాయన అందరినీ ఫోనులో ఒక గ్రూపులో కలిపాడు. పొద్దున లేవగానే బొటనవేలి బొమ్మ పెడితే చాలన్నాడు. మొదటి వారం పదహారు బొటనవేళ్ళు వచ్చాయి. ముసలాళ్ళ బొటనవేలు వేరే ఊరి నుంచి వాళ్ళ కూతురు పెడుతోందని నెలకి తెలిసింది. అయినా దాన్నీ లెక్కలోనే వేసుకున్నాం. మూడో నెలకి అందులో షాపు బేరాల బొమ్మలు తప్ప ఏమీ రాలేదు.

పీలికలు విప్పమని ఎవరూ చెప్పలేదు. ఒక్కొక్కటే పోయాయి. టీచరమ్మ తన చెల్లెలి దగ్గరికి వెళ్ళిపోయింది. మెట్ల మీద లైటు పోయింది, మళ్ళీ వెలగలేదు. కుర్చీల్లో ఒకటి విరిగితే మిగతా మూడూ ఎవరో పట్టుకుపోయారు.

కండక్టరు భార్య నాతో చివరగా ఒక్క మాట అంది. మెట్ల మీద ఎదురుపడి, చేతిలో సంచి కింద పెట్టి, కోపం లేకుండా, ధర అడిగినట్టు మామూలుగా అంది.

"నువ్వు కట్టకపోయుంటే నేను కొట్టేదాన్ని వదినా."

"అవునమ్మా" అన్నాను.

ఆమె సంచి ఎత్తుకుని దిగిపోయింది. ఆ తరవాత ఏడాది ఒకే మెట్ల మీద తిరిగాం, మాటల్లేవు. మా ఆయన పోయినప్పుడు ఎవరూ తలుపు దాకా రాలేదు. బాబాయిగారికి తలుపు దాకా వచ్చిన మనిషి ఉంది. వెనక్కి పంపింది నేను.

ఆ భవనం వదిలి వచ్చేశాను. మా ఆడపడుచు తన ఇంట్లో వీధి వైపు గది ఇచ్చింది. ఆమె పొద్దున్నే పనికి పోతుంది, చీకటి పడ్డాక వస్తుంది. నేను కిటికీ దగ్గర కూర్చుంటాను. ఎదురింటి తలుపు ఏడున్నరకి తెరుచుకుంటుంది. ఒకావిడ గుమ్మం ఊడ్చి లోపలికి పోతుంది. ఆవిడ ఎవరో నాకు తెలియదు.

మొన్న ఒకరోజు ఆ తలుపు తెరుచుకోలేదు. ఎనిమిదైంది, తొమ్మిదైంది. లేచి చెప్పులేసుకున్నాను. గేటు దాకా వెళ్ళాను. ఏమని కొట్టాలి, ఏమని అడగాలి, తిడితే ఏం చెయ్యాలి అని అక్కడే నిలబడ్డాను. తిరిగి వచ్చి కిటికీ దగ్గర కూర్చున్నాను. సాయంత్రం దాకా ఆ తలుపునే చూశాను. మర్నాడు తెరుచుకుంది. ఎక్కడికో వెళ్ళి వచ్చారట. ఆవిడ బాగానే ఉంది. తలుపు కొట్టమని అందరికీ చెప్పిన మనిషిని, గేటు దగ్గర్నుంచి తిరిగి వచ్చాను.

బాబాయిగారి పీలిక నా దగ్గరే ఉంది. నోటు పుస్తకంలో పెట్టాను. ఆ బుధవారం నేను పట్టుకెళ్ళిన పేజీలో. ఆ పేజీకి ఎర్ర సిరా తగల్లేదు. తప్పులన్నీ రాసినవి రాసినట్టే ఉన్నాయి.

దారాల అత్త
వయసు అరవై ఆరు
ఆడపడుచు ఇల్లు, వీధి వైపు గది